మద్యం కేసులో చిక్కిన కారును విడిపించిన న్యాయవాది కార్యాలయం: సమీక్ష

మద్యం కేసులో పోలీసులు స్వాధీనం చేసుకున్న వాహనాన్ని విడిపించుకోవలసి వచ్చిన యజమానులకు నందిగామలోని ఒక చిన్న న్యాయవాది కార్యాలయాన్ని నేను సిఫారసు చేస్తాను, కాకపోతే ఫీజు సంగతి మొదటిరోజే తేల్చుకొని మరీ వకాల్తా మీద సంతకం పెట్టాలి. న్యాయవాదులు ప్రకటనలు ఇచ్చుకోకూడదన్న బార్ కౌన్సిల్ నియమాన్ని అక్కడి న్యాయవాది గట్టిగా పాటిస్తారు కాబట్టి పేరు రాయడం లేదు.

2019 అక్టోబరు 1 నుంచి 2024 అక్టోబరు దాకా ఆంధ్రప్రదేశ్‌లో మద్యం దుకాణాలను ప్రభుత్వమే నడిపిన కాలంలో, కోరిన బ్రాండు దొరకనివాళ్లు తెలంగాణ వైపు నుంచి సీసాలు తెచ్చుకోవడం మా సరిహద్దు ఊళ్లలో మామూలైపోయింది. అద్దెకు తిరిగే నా కారులో ఎక్కిన ప్రయాణికుల సంచుల్లో అలాంటి సీసాలే దొరికాయి. బయటి రాష్ట్రం నుంచి మనిషికి మూడు సీసాల వరకు తెచ్చుకోవచ్చని అప్పటి నిబంధన ప్రకారం 2020 సెప్టెంబరులో హైకోర్టు చెప్పింది గాని, దొరికినవి అంతకు మించి ఉండడంతో ఆ తీర్పు మాకు అక్కరకు రాలేదు. నేను ఆ కారులో లేను, డ్రైవరు సంచులు విప్పి చూడలేదు, అయినా బండి మాత్రం స్టేషను ఆవరణలోకి చేరింది.

ఈ కార్యాలయం విలువ తెలిసేది ఏ తలుపు తట్టాలన్న దగ్గరే. స్వాధీనం చేసుకున్న వాహనాలను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచవద్దని, తగిన బాండు, పూచీకత్తు తీసుకొని వదిలేయాలని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది కదా అని చాలామంది నేరుగా మేజిస్ట్రేటు కోర్టులో పిటిషను వేస్తారు. కాని 1968 నాటి ఎక్సైజు చట్టం వాహనాన్ని జప్తు చేసే, అంటే శాశ్వతంగా ప్రభుత్వపరం చేసే అధికారాన్ని ఎక్సైజు శాఖ డిప్యూటీ కమిషనర్ చేతిలో పెట్టింది కాబట్టి, ఇది మా పరిధిలోది కాదన్న జవాబుతో ఆ పిటిషను వెనక్కి వచ్చే అవకాశమే ఎక్కువని ఆయన మొదటిరోజే చెప్పారు. పోనీ డిప్యూటీ కమిషనర్ దగ్గరకు వెళ్దామంటే, పోలీసులు బండిని అప్పగించనే లేదు, నా ముందు లేని బండిని నేనెలా వదలను అని ఆ అధికారి అంటారు. యజమాని నలిగిపోయేది ఈ రెండింటి మధ్యనే. పట్టుకున్న వాహనాలను సకాలంలో అప్పగించడం లేదన్న విషయంలోనే 2020 జూన్‌లో హైకోర్టు అప్పటి డీజీపీ గౌతమ్ సవాంగ్‌ను స్వయంగా హాజరు కమ్మని పిలిపించింది. మా న్యాయవాది ముందు డిప్యూటీ కమిషనర్‌కు అర్జీ పెట్టించి, దానికి అందిన రసీదును జతచేసి, చట్టప్రకారం తప్ప ఎవరి ఆస్తినీ లాక్కోకూడదన్న రాజ్యాంగంలోని 300-ఎ అధికరణాన్ని ఆధారం చేసుకొని అమరావతిలోని హైకోర్టులో రిట్ పిటిషను వేయించారు. పూచీకత్తు తీసుకొని బండిని తాత్కాలికంగా అప్పగించమని, కేసు తేలేదాకా దాన్ని అమ్మకూడదని, రూపురేఖలు మార్చకూడదని, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలని ఉత్తర్వు వచ్చింది.

ఆ కార్యాలయంలోని గుమాస్తాను ప్రత్యేకంగా మెచ్చుకోవాలి. బండిని పట్టుకున్నప్పుడు సాక్షుల ఎదుట పోలీసులు రాసిన మధ్యవర్తుల నివేదికను ఆర్సీ పక్కన పెట్టుకొని, ఛాసిస్ నంబరును వేలితో ఒక్కొక్క అంకె చూసుకుంటూ పోయి, 8 ఉండాల్సిన చోట 3 పడిందని ఆయనే కనిపెట్టారు. అది అప్పుడే దిద్దించకపోతే ఉత్తర్వు చేతికి వచ్చాక కూడా స్టేషను గేటు దగ్గర బండి ఆగిపోయేది. తీరా వెళ్లి చూస్తే బ్యాటరీ పనిచేయడం లేదు, టైర్లలో గాలి లేదు, బానెట్ మీద వేపాకు మందంగా పరుచుకొని ఉంది, అయినా ఇంజను పాడవకుండా చేతికొచ్చినందుకు సంతోషించాను.

లోపాల విషయానికి వస్తే, మొదట చెప్పిన ఫీజు నందిగామ పనికి మాత్రమేనట. అమరావతిలో రిట్ నడిపిన న్యాయవాదికి వేరుగా ఇవ్వాలని సగం దారిలో తెలిసింది. అంతకన్నా పెద్ద లోపం ఏమిటంటే, బండి తిరిగొచ్చినా జప్తు విచారణ అలాగే మిగిలి ఉంటుందని వాళ్లు ముందుగా చెప్పకపోవడం. బండిని ఎందుకు జప్తు చేయకూడదో చెప్పమనే షోకాజ్ నోటీసు ఇంటికి వచ్చిన రోజు నాకు నిజంగా దడ పుట్టింది. జవాబు మాత్రం బాగా తయారు చేశారు: అద్దె బుకింగు వివరాలు, ప్రయాణికులతో డ్రైవరు మాట్లాడిన ఫోను వివరాలు, నేను ఆ రోజు వేరే ఊళ్లో ఉన్నట్టు చూపే టికెట్టు, అన్నీ వరుసలో పెట్టి, నేరం యజమానికి తెలియకుండా జరిగిందన్న ఒక్క వాదన మీదే నిలబడ్డారు. బిహార్‌లో 2022 సవరణ తరువాత జరిమానా కట్టి బండి తెచ్చుకునే దారి ఉందని, మన దగ్గర ఇంకా కాగితాల బలమే ఆధారమని ఆయన ఒకసారి నవ్వుతూ అన్నారు. తప్పు చేయని యజమాని జరిమానా ఎందుకు కట్టాలో మాత్రం నాకు ఇప్పటికీ అర్థం కాదు.

వాయిదాలున్న రోజుల్లో పగలు ఆయన దొరకరు, ఫోను ఎత్తరు; సాయంత్రం వెళ్తే తీరిగ్గా మాట్లాడతారు. ఆర్సీ, బీమా, ఎఫ్‌ఐఆర్, మధ్యవర్తుల నివేదిక నకళ్లతో పాటు, బండి అప్పు మీద ఉంటే ఫైనాన్సు కంపెనీ అభ్యంతరం లేదని ఇచ్చే లేఖను కూడా మొదటిసారే తీసుకెళ్లండి.