కోర్లా పండిట్: లైవ్ ప్రసారం, ఫిల్మ్ ఒప్పందం

1949లో లాస్ ఏంజిలిస్ టీవీ స్టేషన్ కేటీఎల్ఏలో మొదలైన కోర్లా పండిట్ సంగీత కార్యక్రమం నిడివి పదిహేను నిమిషాలు. తలపాగా, దాని మీద రత్నం, కెమెరా వైపు తదేకమైన చూపు, ఒక్క మాటా లేదు. ఒక చెయ్యి హామండ్ ఆర్గాన్ (కరెంటుతో పనిచేసే కీబోర్డు వాయిద్యం) మీద, మరొకటి పియానో మీద. న్యూఢిల్లీలో పుట్టానని చెప్పుకున్న ఆయన అసలు పేరు జాన్ రోలాండ్ రెడ్. సెయింట్ లూయిస్‌లో పుట్టిన ఆఫ్రికన్ అమెరికన్. 1998లో పోయాక, 2001లో గానీ ఈ సంగతి పత్రికకెక్కలేదు. ఆ మౌనమే ఆయనకు కవచం.

లైవ్‌లో లాభం, రోజూ ఇంటింటికీ చేరడం. చిక్కేమిటంటే, సిగ్నల్ ఆ నగరం చుట్టుపక్కల దాటదు, వేలు తప్పితే సరిదిద్దే వీలుండదు. దాచుకోవాలంటే మానిటర్ తెరనే ఫిల్మ్ కెమెరాతో తీయాలి (కినెస్కోప్). టీవీకి సెకనుకు 30 ఫ్రేములు (బొమ్మలు), ఫిల్మ్‌కు 24, రెండూ పొసగవు. పైగా తెర గీతలు పడి బొమ్మ మసకబారుతుంది.

1951లో నిర్మాత లూయిస్ స్నేడర్‌తో కుదిరిన ఒప్పందంలో నేరుగా ఫిల్మ్ మీదే తీశారు. ప్రింట్లు ఏ ఊరి స్టేషన్‌కైనా అమ్మొచ్చు, బొమ్మ స్పష్టం. కానీ రీలు నిర్మాత సొత్తు. ఒప్పందంపై తగాదా వచ్చి పండిట్ తప్పుకున్నారు. ఆ స్థానంలోకి పియానో వాద్యకారుడు లిబరాచీ వచ్చారు, దేశమంతా పేరు ఆయనకే దక్కింది.

వాయిద్యకారుడిగా పండిట్‌ను నిలబెట్టింది లైవే అని నా అభిప్రాయం. ఆయన వేళ్ల పని చూడాలంటే మాత్రం ఫిల్మ్ క్లిప్పులే వెతకండి.