రివార్డు మొరాయించినప్పుడు ఏది మేలు: ట్విచ్ పాయింట్లా, బాట్ పాయింట్లా?

శనివారం రాత్రి పదిన్నర. మా పిన్ని కొడుకు దయ్యాల ఆట ఆడుతూ ట్విచ్‌లో, అంటే ఆటలు ఆడుతూ ప్రత్యక్షంగా చూపించే సైటులో, లైవ్‌లో ఉన్నాడు. నేను పక్క కంప్యూటర్ మీద చాట్ చూస్తున్నాను. వాడి చానెల్‌లో ‘చిమ్మచీకటి’ అని ఒక రివార్డు ఉంది, అంటే చూస్తూ పోగేసుకున్న పాయింట్లతో ప్రేక్షకులు కొనుక్కునే చిన్న సరదా. ఖరీదు 5000 పాయింట్లు. ఎవరైనా తీసుకుంటే ముప్పై సెకన్లపాటు ఆట తెర మీద నల్లటి పరదా పడుతుంది. దయ్యం ఎటు నుంచి వస్తోందో వాడు చెవులతోనే కనిపెట్టుకోవాలి. ఆ రాత్రి ముగ్గురు తీసుకున్నారు. పరదా ఒక్కసారి కూడా పడలేదు. చాట్‌లో మొదట నవ్వులు వచ్చాయి, తర్వాత ప్రశ్నార్థకాలు వచ్చాయి. ఆ తర్వాత డాలస్‌లో ఉండే ఒకాయన తాపీగా ఒక వాక్యం వేశారు: “రెండు వారాలు కూడబెట్టాను తమ్ముడూ.”

ఆయన అతిశయోక్తి ఏమీ చెప్పలేదు. ట్విచ్‌లో ఐదు నిమిషాలు చూస్తే 10 పాయింట్లు. పావుగంటకోసారి కనిపించే పెట్టెను నొక్కితే మరో 50. సబ్‌స్క్రిప్షన్ లేని మనిషికి గంటకు 320 అన్నమాట. 5000 కావాలంటే దాదాపు పదహారు గంటలు మా వాడి ముఖం చూడాలి. మేము మింగేసింది అది.

పనిచేసినంతసేపూ ఏ పద్ధతైనా ఒకటే. మీట నొక్కుతారు, గంట మోగుతుంది, అందరూ నవ్వుతారు. తేడా తెలిసేది మొరాయించినప్పుడే. అందుకని ఇప్పుడు ఏ రివార్డు పద్ధతినైనా నేను రెండు ప్రశ్నలతో తూస్తాను. తప్పు ఎక్కడుందో ఎంత త్వరగా దొరుకుతుంది? ప్రేక్షకుడి పాయింట్లు ప్రేక్షకుడికి తిరిగి చేరతాయా?

మామూలు స్ట్రీమర్ ముందున్న దారులు మూడు. ఒకటి, చానెల్ సెట్టింగులు ఉండే ట్విచ్ డ్యాష్‌బోర్డులో మనమే చేత్తో రివార్డు తయారుచేసి, దాన్ని బయటి సాఫ్ట్‌వేర్ వింటూ ఉండేలా చూసుకోవడం. రెండు, స్ట్రీమర్ బాట్, మిక్స్ ఇట్ అప్ లాంటి సాఫ్ట్‌వేర్ చేతనే ఆ రివార్డును తయారుచేయించడం. మూడు, ట్విచ్ పాయింట్ల జోలికి పోకుండా స్ట్రీమ్ ఎలిమెంట్స్ వంటి బాట్, అంటే చాట్‌లో తనంతట తానే జవాబిచ్చే ప్రోగ్రామ్, సొంతంగా లెక్కగట్టే పాయింట్లు వాడుకోవడం. మొదటి రెండూ కవల పిల్లల్లా ఉంటాయి. ప్రేక్షకుడికి కనిపించే మీటలో ఏ తేడా ఉండదు. ఆ రాత్రి మేమున్నది మొదటి దారిలో.

ముందు తప్పు ఎలా దొరికిందో చెబుతాను. మీటకూ పరదాకూ మధ్య రెండు అతుకులున్నాయి. ట్విచ్ నుంచి సాఫ్ట్‌వేర్‌కు ఒకటి, సాఫ్ట్‌వేర్ నుంచి ఓబీఎస్‌కు, అంటే తెరను స్ట్రీమ్‌గా పంపే ప్రోగ్రామ్‌కు, ఒకటి. ఓబీఎస్‌లో పరదా పక్కన ఉన్న కన్ను గుర్తును చేత్తో నొక్కాను. తెర నల్లబడింది. అంటే ఓబీఎస్‌లో పరదా సరిగానే ఉంది. తర్వాత సాఫ్ట్‌వేర్‌లో టెస్ట్ బటన్ నొక్కాను. మళ్లీ నల్లబడింది. రెండో అతుకు కూడా బాగుంది. “అన్నా, అన్నీ పనిచేస్తున్నాయి కదా, మరి వాళ్లకెందుకు రావడం లేదు?” అని మా వాడి గోల. ఆ టెస్ట్ బటన్ దగ్గరే నేను పావుగంట పోగొట్టుకున్నాను. అది సాఫ్ట్‌వేర్ లోపల పుట్టి ఓబీఎస్ దాకా వెళుతుంది. ట్విచ్ గడప తొక్కదు. నిజమైన పరీక్ష కావాలంటే స్ట్రీమర్ తన సొంత చాట్‌లో తన రివార్డును తానే తీసుకుని చూడాలి. అలా చూస్తే, వచ్చిన కబుర్లన్నీ రాసుకునే సాఫ్ట్‌వేర్ లాగ్‌లో ఒక్క గీత కూడా పడలేదు. తెగింది మొదటి అతుకు.

కారణం మా వాడే. ఆ మధ్యాహ్నం ట్విచ్ పాస్‌వర్డ్ మార్చాడు. పాస్‌వర్డ్ మారితే అంతకుముందు సాఫ్ట్‌వేర్‌లకు ఇచ్చిన అనుమతులు చెల్లకుండా పోతాయి. సాఫ్ట్‌వేర్‌లో ఒక మూల చిన్న ఎర్ర చుక్క వెలుగుతూనే ఉంది. మేమిద్దరం చూడలేదు.

ఇలాంటిదే ఇంకో పాత జబ్బు కూడా ఉంది. రివార్డుల కబురు బయటి సాఫ్ట్‌వేర్‌లకు చేరవేసే పాత మార్గం, పబ్‌సబ్ అనేదాన్ని, ట్విచ్ 2025 ఏప్రిల్ 14న మూసేసింది. ఇప్పుడు అంతా దాని బదులు వచ్చిన ఈవెంట్‌సబ్ మీదే నడుస్తుంది. అప్‌డేట్ చేయని పాత బాట్ ఉంటే చాట్‌లో చక్కగా పలుకుతుంది, ఎందుకంటే చాట్ దారి వేరు. రివార్డులకు మాత్రం చెవిటిదైపోతుంది. ‘బాట్ మాట్లాడుతోంది కదా’ అని మనం ఓబీఎస్‌ను విప్పి కూర్చుంటాం. ఒక గుర్తు చెబుతాను. ప్రేక్షకుడు ఏదైనా రాయాల్సిన రివార్డులు చాట్ సందేశంగా కూడా వస్తాయి. అవి పనిచేస్తూ, రాయనవసరం లేనివి పనిచేయకపోతే, మీ బాట్ చాట్‌ను వింటోంది, రివార్డులను వినడం లేదు.

ఇక పాయింట్లు తిరిగివ్వడం. డ్యాష్‌బోర్డులో చేత్తో చేసిన రివార్డుకు ట్విచ్ ఒక వరుస పెడుతుంది. ఎవరు తీసుకున్నా ఆ అభ్యర్థన వరుసలో నిలబడుతుంది. స్ట్రీమరో, చాట్‌ను చూసుకునే మోడరేటరో ‘పూర్తయింది’ అనవచ్చు, లేదా పాయింట్లు వాపసు చేయవచ్చు. కానీ రివార్డు చేసేటప్పుడు ఆ వరుసను దాటవేయడానికి ఒక మీట ఉంటుంది. వరుస నిండిపోతోందని చాలామంది ఆ మీట వేసేస్తారు. మేమూ వేశాం. అప్పుడు తీసుకున్న మరుక్షణమే అది పూర్తయినట్టు రాసుకుపోతుంది, ఇక వాపసు ఉండదు. పోనీ చానెల్ యజమాని కదా, ఆ ముగ్గురికీ 5000 చొప్పున జమ చేయవచ్చు కదా అంటే, ట్విచ్‌లో ఆ సదుపాయమే లేదు. ఎవరి పాయింట్లు వాళ్లు చూసి సంపాదించుకోవాల్సిందే.

రెండో దారి గెలిచేది ఇక్కడే. ట్విచ్ నియమం ఒకటుంది: రివార్డును ఏ సాఫ్ట్‌వేర్ పుట్టించిందో, దాని అభ్యర్థనలను పూర్తిచేసే, వాపసు చేసే హక్కు సాఫ్ట్‌వేర్‌లలో దానికి మాత్రమే ఉంటుంది. మనం చేత్తో చేసిన రివార్డును సాఫ్ట్‌వేర్ చూడగలదు, వినగలదు, ముట్టుకోలేదు. అదే రివార్డును సాఫ్ట్‌వేర్ చేత చేయిస్తే ‘పరదా పడితేనే పూర్తి, లేకపోతే వాపసు’ అని రాసిపెట్టుకోవచ్చు. దయ్యాల ఆట ఆడనప్పుడు రివార్డును దానంతట అదే కనబడకుండా చేసేయవచ్చు. ఆటలో లేని చీకటికి ఎవరూ పాయింట్లు కట్టరు. సాఫ్ట్‌వేర్ మొత్తంగా మూగబోయినా, అభ్యర్థనలు వరుసలో అలాగే నిలిచి ఉంటాయి కాబట్టి మోడరేటర్ వాటిని చేత్తో వాపసు చేయగలడు.

దీనికీ ఒక ముల్లుంది. సాఫ్ట్‌వేర్ మార్చిన రోజున పాత రివార్డులు కొత్తదాని మాట వినవు. అన్నిటినీ మళ్లీ పుట్టించాలి. ఆ తొందరలో పాతవాటిని తీసేసే ముందు వరుస ఖాళీగా ఉందో లేదో చూడండి. వరుసలో అభ్యర్థనలు ఉండగా రివార్డును తొలగిస్తే అవి వాపసు కావు, పూర్తయినట్టు నమోదవుతాయి. ఎవరికైనా న్యాయంగా అనిపించేది దానికి తలకిందులు. కానీ పద్ధతి అదే.

బాట్ పాయింట్ల సంగతి వేరు. వాటి పెద్ద గుణం, తప్పు చాట్‌లోనే అందరికీ కనబడటం. ఆదేశం టైపు చేస్తే బాట్ జవాబిస్తుంది, జవాబు రాలేదంటే బాట్ పడిపోయినట్టే. వెతుకులాట లేదు. పాయింట్లు తిరిగివ్వడం ఇంకా తేలిక. మోడరేటర్ ఒక్క ఆదేశంతో జమ చేసేస్తాడు. తెలుగు గేమ్ స్ట్రీమ్‌లు ఎక్కువగా నడిచే యూట్యూబ్‌లో దాదాపు ఇదొక్కటే దారి. అక్కడ డబ్బు కట్టి సందేశం పెట్టే సూపర్ చాట్ ఉంది, నెలనెలా కట్టే మెంబర్‌షిప్ ఉంది, ఊరికే చూస్తే పేరుకునే పాయింట్లు లేవు. ట్విచ్‌లో కూడా అఫిలియేట్ (ట్విచ్ సంపాదనకు అనుమతించినది) కాని చానెల్‌కు సొంత పాయింట్ల రివార్డులు లేని కాలంలో చాలామంది బాట్‌తోనే బండి లాగారు.

అయినా నాకు దాని మీద పూర్తి నమ్మకం కుదరదు. ట్విచ్ పాయింట్ల లెక్క ట్విచ్‌దే, మన సాఫ్ట్‌వేర్ గంటసేపు నిద్రపోయినా ప్రేక్షకుడికి పాయింట్లు పడుతూనే ఉంటాయి. బాట్ గంటసేపు లేకపోతే ఆ గంట లెక్క ఎక్కడా ఉండదు. యూట్యూబ్‌లో అనుమతి తిరిగి ఇవ్వాల్సి వచ్చి బాట్ బయట నిలబడిపోయిన రోజున ఎవరెంతసేపు చూశారో చెప్పే పుస్తకం ఎవరి దగ్గరా లేదు. పైగా చాలా బాట్లలో పాయింట్లతో జూదమాడే ఆదేశం ఒకటి ఉంటుంది. మా వాడి చాట్‌లో బడి పిల్లలు కూడా ఉంటారు, అందుకని దాన్ని మొదటి రోజే తీసేయించాను.

రెండు రకాల పాయింట్లూ ఒకే చానెల్‌లో నడపడం అన్నిటికంటే చెడ్డది. చాట్ కింద 8200 అని ఉంటుంది, బాట్‌ను అడిగితే 340 అంటుంది. వచ్చే ఫిర్యాదుల్లో సగం ఈ తికమకవే.

డబ్బుతో కొనే ప్రభావాల గురించి ఒక్క మాట. అతుకుల మీద నడిచే పరదా లాంటివాటిని ట్విచ్‌లో డబ్బుతో కొనే బిట్స్‌కో సూపర్ చాట్‌కో ముడిపెట్టకండి. స్ట్రీమ్ చూసినందుకు ఆట కంపెనీలు ఇచ్చే బహుమతులు, డ్రాప్స్, కూడా మన చేతిలో ఉండవు. రాలేదని అడిగిన ప్రేక్షకుణ్ని ఆట ఖాతా ట్విచ్‌కు జత అయిందో లేదో, ఇన్వెంటరీలో ‘క్లెయిమ్’ నొక్కారో లేదో చూసుకోమనడం తప్ప మనం చేయగలిగింది లేదు.

ఓబీఎస్ వైపు తప్పులు ఏ దారిలో వెళ్లినా ఒకటే. 2022 ఆగస్టులో వచ్చిన 28వ వెర్షన్ నుంచి వెబ్‌సాకెట్, అంటే బయటి సాఫ్ట్‌వేర్ ఓబీఎస్‌తో మాట్లాడే దారి, ఓబీఎస్‌లోనే కలిసి వస్తోంది, దాని పోర్టు నంబరు 4455. పాత పాఠాలు చూసి 4444 అని వేస్తే కలవదు. తెలుగువాళ్లకు ప్రత్యేకంగా ఇంకొకటి: రివార్డు తీసుకున్నప్పుడు తెర మీద వచ్చే అలర్ట్‌లో అక్షరాలను ఒక్కొక్కటిగా ఆడించే యానిమేషన్ పెట్టకండి. ‘చిమ్మచీకటి’ మా తెర మీద ఒకరోజంతా ‘చిమ్ మచీకటి’ అని గంతులు వేసింది. ఒత్తు ఒకచోట, అక్షరం ఒకచోట. అక్షరాలను కదిలించకుండా పదం మొత్తాన్ని ఒకేసారి కదిలించేది ఎంచుకున్నాక కుదురుకుంది.

నా ఎంపిక అడిగితే, తెర మీద ఏదైనా జరగాల్సిన రివార్డులన్నీ సాఫ్ట్‌వేర్ చేత చేయించినవే. ‘మంచినీళ్లు తాగు’, ‘నడుము నిటారుగా పెట్టు’ లాంటివి డ్యాష్‌బోర్డులో చేత్తో చేసినా చాలు, వాటిలో తెగడానికి అతుకులే లేవు. యూట్యూబ్‌లో బాట్ పాయింట్లు, కానీ ఖరీదు ఒకటి రెండు గంటలు చూస్తే అందేటంత. పదహారు గంటల రివార్డు అక్కడ వద్దు.

మా ‘చిమ్మచీకటి’ని మర్నాడే తీసేసి సాఫ్ట్‌వేర్ చేత మళ్లీ పుట్టించాను. పాత పాయింట్లు ఇవ్వలేం కాబట్టి ఆ తర్వాతి శనివారం ఒక్కరోజుకు దాని ఖరీదు 50కి దించి, ఒక్కొక్కరికి స్ట్రీమ్‌కు ఒకసారి అని పరిమితి పెట్టాం. డాలస్ ఆయన మొదటి పది నిమిషాల్లోనే తీసుకున్నారు. పరదా పడింది. మా వాడు చీకట్లో ఉండగానే హెడ్‌ఫోన్ తట్టుకుంటూ, “అన్నా, గంట మోగలేదు, మళ్లీ పాడైంది” అన్నాడు. గంట మోగించే బ్రౌజర్ సోర్స్ (ఓబీఎస్‌లో అలర్ట్ చూపే వెబ్ పేజీ) శబ్దాన్ని ఓబీఎస్‌కు అప్పగించి, మానిటరింగ్ ఆన్ చేయడం మరిచాను. అలాంటప్పుడు శబ్దం ప్రేక్షకులకు వెళుతుంది, స్ట్రీమర్ చెవికి రాదు. నేను చెప్పేలోపే చాట్‌లో డాలస్ నుంచి జవాబు వచ్చింది: “మాకు వినిపించింది తమ్ముడూ. నీ వెనక దయ్యం కూడా వినిపిస్తోంది.”