తాతల నాటి తాటాకు కట్టలు: ఇంట్లో ఉంచాలా, గ్రంథాలయానికి ఇవ్వాలా, స్కాన్ చేస్తే చాలా?

మా కడప వైపు పాత మిద్దెలు పడగొట్టి కొత్త ఇళ్లు కట్టేటప్పుడు అటక మీద నుంచి తాటాకు కట్టలు బయటపడుతుంటాయి. వైద్యం, జ్యోతిషం, భారత పర్వాలు, యక్షగానాలు, ఏదైనా ఉండొచ్చు. చదవడం రాని గ్రంథం ఇంట్లో ఉంచుకోకూడదని ఎవరో అంటే పెన్నలో కలిపేసేవాళ్లూ ఉన్నారు. దయచేసి ఆ పని మాత్రం చేయొద్దు. కట్టను కాపాడుకోవడానికి మూడు దారులున్నాయి.

మొదటిది ఇంట్లోనే ఉంచుకోవడం. ఆ గ్రంథం ఎవరు రాశారో, ఏ ఊరి నుంచి వచ్చిందో ఇంటివాళ్లకే తెలుసు. అది చిన్న విషయం కాదు. కానీ తాటాకు మన ఎండలకు పెళుసెక్కుతుంది, వానాకాలం చెమ్మకు బూజు పడుతుంది, మిగిలింది చెదలూ రామబాణం పురుగూ చూసుకుంటాయి. పాత లేఖకులు చివరి ఆకులో రాసే శ్లోకం ఒకటుంది: నూనె నుంచి, నీటి నుంచి, వదులు కట్టు నుంచి నన్ను కాపాడు, మూర్ఖుడి చేతికి ఇవ్వకు అని పుస్తకమే వేడుకుంటుంది. కట్టు వదులైతే ఆకులు ఒకదానికొకటి రాసుకుని అంచులు విరుగుతాయి. అందుకే రెండు చెక్క పలకల మధ్య పెట్టి, ఉతికిన నూలుగుడ్డలో బిగించి కట్టాలి. పక్కన వసకొమ్ములు పెట్టాలి. ఏడాదికోసారైనా నీడలో విప్పి చూడాలి. దసరాకు సరస్వతీ పూజలో పెట్టేవాళ్లు పసుపు కుంకుమలు గుడ్డ మీద వేయండి, ఆకు మీద వద్దు. ఇదంతా చేసే మనిషి ఇంట్లో ఉన్నంతకాలం బాగానే ఉంటుంది. ఆ తర్వాత అన్నదమ్ముల పంపకాల్లో ఒక కట్ట మూడు ఊళ్లకు పోతుంది.

రెండోది గ్రంథాలయం. నా మొగ్గు ఇటే, కారణం కడపలోనే ఉంది. 1820లో ఇక్కడికి ఉద్యోగానికి వచ్చిన సి.పి. బ్రౌన్ పండితులకు సొంత డబ్బుతో జీతాలిచ్చి, ఒకే గ్రంథానికి దొరికినన్ని ప్రతులు తెప్పించి పక్కపక్కన పెట్టి సరిచూపించాడు. ఒక ప్రతిలో పురుగు తిన్న పద్యపాదం ఇంకో ప్రతిలో దొరికేది. ఒకరు తప్పు రాసింది మరొకరు సరిగా రాసి ఉండేవాళ్లు. మీ ఇంట్లో ఉన్నది అందరికీ తెలిసిన భాగవతమే కావచ్చు. అయినా ఎవరికీ దొరకని పాఠం, అంటే మరే ప్రతిలోనూ లేని మాటల కూర్పు, అందులో ఉండొచ్చు. అటక మీద ఉన్నంతకాలం ఆ సంగతి బయటపడే దారి లేదు. బ్రౌన్ సేకరించినవి చాలావరకు చివరికి మద్రాసు చేరి, ఇప్పుడు చెన్నైలోని ప్రభుత్వ ప్రాచ్య లిఖిత గ్రంథాలయంలో ఉన్నాయి. ఎర్రముక్కపల్లెలో ఆయన బంగళా ఉన్నచోట జానమద్ది హనుమచ్ఛాస్త్రి గారు పట్టుబట్టి నిలబెట్టిన సి.పి. బ్రౌన్ గ్రంథాలయం ఉంది. యోగి వేమన విశ్వవిద్యాలయం దాన్ని చూసుకుంటోంది. తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయ ప్రాచ్య పరిశోధన సంస్థ ఉంది.

"ఇచ్చాక మూలన పడేస్తే?" అనే భయం న్యాయమైనదే. ఎక్కడిచ్చినా చేతికి రసీదు తీసుకోండి. అందులో ఆకుల సంఖ్య, పొడవు వెడల్పులు, మొదటి పంక్తి, చివరి పంక్తి, ఇచ్చిన కుటుంబం పేరు ఉండాలి. ఈ వివరాలు రాసిస్తే తర్వాత ఎవరు అడిగినా కట్టను గుర్తుపట్టగలరు.

మూడోది స్కానింగ్. చేతిరాత గ్రంథాల కోసం కేంద్రం పెట్టిన జాతీయ లిఖితప్రతుల మిషన్ 2003లో మొదలైంది. 2025 కేంద్ర బడ్జెట్‌లో జ్ఞాన భారతం మిషన్ ప్రకటించి, కోటికి పైగా ప్రతుల సర్వే, డిజిటైజేషన్ లక్ష్యంగా పెట్టారు. మంచిదే. కానీ జిరాక్స్ షాపుకు తీసుకెళ్లి స్కానర్ మూత నొక్కారంటే ఆకు ఫట్‌మని విరుగుతుంది. పై నుంచి కెమెరాతోనే తీయాలి. తాటాకు మీద అక్షరం సిరాతో రాసింది కాదు, ఘంటం అనే ఇనుప మొనతో గీసింది. ఆ గీతల్లో నింపిన మసి పోయిన చోట ఎదురుగా ఫ్లాష్ కొడితే ఖాళీ ఆకే కనిపిస్తుంది. అదే టార్చిని పక్క నుంచి ఏటవాలుగా పట్టండి, గీతల్లో నీడ పడి అక్షరాలు లేచి నిలబడతాయి. ప్రతి ఆకూ రెండు వైపులా తీసి, పక్కన స్కేలు పెట్టి, వరస నంబర్లతో రెండు చోట్ల దాచుకోవాలి. హార్డ్ డిస్క్ కూడా శాశ్వతం కాదు, కొన్నేళ్లకోసారి కొత్తదానిలోకి మార్చాలి.

స్కాన్ ఉంది కదా అని ఆకుల్ని వదిలేయడం మాత్రం తప్పు. చాలా గ్రంథాల చివర "ప్రమాది నామ సంవత్సరం" అన్నట్టు ఏడాది పేరే ఉంటుంది, అది అరవై ఏళ్లకోసారి తిరిగొస్తుంది. అది ఏ ప్రమాది సంవత్సరమో తేల్చాలంటే లిపి తీరుతో పాటు ఆకు రకం, గీత లోతు కూడా చూడాలి. అందుకు అసలు ప్రతి కావాలి.

కాబట్టి నా మాట: ముందు ఇంట్లోనే ఫొటోలు తీయించుకోండి, తర్వాత ఆకులు గ్రంథాలయానికి ఇవ్వండి. ఇప్పటికీ ఆ గ్రంథం చూసి వైద్యమో పౌరోహిత్యమో చేసే ఇళ్లు దాన్ని ఉంచుకోవడమే సబబు, వాళ్ల దగ్గర అది వాడుకలో ఉంది. కట్టలతో పాటు పొలం దస్తావేజులు దొరికితే అవి ఇంట్లోనే ఉండాలి, లామినేషన్ మాత్రం చేయించకండి, అది మళ్లీ ఊడదు. కొంటామని వచ్చేవాళ్లతో జాగ్రత్త. 75 ఏళ్లు దాటిన విలువైన లిఖితప్రతులకు 1972 పురావస్తు చట్టం వర్తిస్తుంది, వాటిని దేశం దాటించడం నేరం.

కట్ట అప్పగించేముందు ఇంట్లో పెద్దవాళ్లను కూర్చోబెట్టి అడగండి: ఇది ఎవరి చేతిరాత, ఎవరు చదివేవాళ్లు, ఏ ఊరి నుంచి వచ్చింది? చెప్పినదంతా ఒక కాగితం మీద రాసి, కింద తేదీ వేసి, గుడ్డ లోపల కాకుండా పై పలకకు దారంతో కట్టి ఇవ్వండి.