స్క్రిప్టు రాయడానికి కురొసావా దారి మేలా, ఓజు దారి మేలా?

జపాన్ దర్శకులు అకిరా కురొసావా, యసుజిరో ఓజు తమ సినిమాల రచనలోనూ చెయ్యి పెట్టినవాళ్లే, ఇద్దరూ తోడు పెట్టుకుని రాసినవాళ్లే. కొత్తగా స్క్రిప్టుకి కూర్చునేవాళ్లకి ఎవరి పద్ధతి పనికొస్తుందంటే, నా ఓటు కురొసావాకి. అదీ 1950ల మొదట్లోని కురొసావాకి.

'సెవెన్ సమురాయ్' (1954) రాసినప్పుడు ఒకే సీనును కురొసావా, తోటి రచయిత షినోబు హషిమోతో ఇద్దరూ విడివిడిగా రాసేవారు. మూడో రచయిత హిదెవో ఒగుని కలం పట్టకుండా, రెండూ చదివి ఏది నిలుస్తుందో తేల్చేవారు. మన కథా చర్చల్లో పదిమంది మాట్లాడితే ఒకరు రాస్తారు. ఇక్కడ వాదన కాగితం మీదే. సీను బలహీనంగా ఉంటే పక్క కాగితమే దాన్ని పట్టిస్తుంది.

ఆ కథ కూడా ఒక్క పట్టున దొరకలేదు. ముందు ఒక సమురాయ్ (పాతకాలపు జపాన్ యోధుడు) జీవితంలోని ఒకే రోజు అనుకున్నారు. ఆ కాలపు రోజువారీ వివరాలు చాలక వదిలేశారు. తర్వాత పేరున్న కత్తివీరుల కథలు వరుసగా చెప్పాలనుకుంటే, అన్నీ క్లైమాక్సులే అయ్యాయి. రైతులు తిండి పెట్టి సమురాయ్‌లను కాపలాకి పెట్టుకోవడమన్న ఆలోచన తగిలాకే కథ కుదిరింది.

1955 నుంచి ఈ బృందం తొలి ప్రతి మానేసి, అందరూ కలిసి నేరుగా తుది ప్రతికే దిగింది. హషిమోతో తన జ్ఞాపకాల్లో దీన్నే తప్పుపట్టారు. నిజమే, తొలి ప్రతి లేకపోతే పునాదిలోని పగులు సగం రాశాక గానీ కనబడదు.

ఓజు దారి వేరు. 'లేట్ స్ప్రింగ్' (1949) నుంచి 1962లో చివరి సినిమా దాకా 13 సినిమాలూ రచయిత కోగో నోదాతోనే రాశారు. 'టోక్యో స్టోరీ' స్క్రిప్టుకి 103 రోజులు పట్టింది. ఏ వేషం ఎవరిదో ముందే తేల్చుకుని, ఆ నటుల గొంతుకి తగ్గట్టు మాటలు రాసేవారు. నటులు ఖాయం కాని కొత్తవాళ్లు ఇలా రాయబోతే పాత్రలన్నీ ఒకే గొంతుతో మాట్లాడతాయి.

ఓజును అనుకరించేవాళ్లు ఇంకోచోటా దెబ్బతింటారు. 'లేట్ స్ప్రింగ్'లో కూతురి పెళ్లి చూపించరు, పెళ్లికొడుకు తెరమీదికే రాడు. అయినా లోటు తెలియదు. ఎందుకంటే అప్పటిదాకా సినిమా అంతా తండ్రిని వదిలి వెళ్లలేని ఆ పిల్ల బాధే. చివర తండ్రి ఒంటరిగా ఆపిల్ తొక్క తీస్తుంటే చాలు, గుండె పట్టేస్తుంది. ముందు బరువు పెట్టకుండా ముఖ్యమైన సీను ఎగరగొడితే మిగిలేది ఖాళీయే.

తీర్పు చెప్పే మూడో మనిషి దొరక్కపోతే ఇద్దరే ఒకే సీను విడిగా రాయండి. ఒకరిది ఒకరు మర్నాడు పొద్దున చదవండి, ఆ రాత్రే వద్దు.