తాత్కాలిక బదిలీ: చేరి అర్జీ పెట్టాలా, హైకోర్టుకెళ్లాలా, యూనియన్ ద్వారా పోవాలా?

"మూడు నెలలకని వేరే డిపోకు వేశారు. కోర్టుకెళితే ఆగుతుందా?" ఆర్టీసీలో డ్రైవర్లు, కండక్టర్లు, గ్యారేజీ వాళ్లు మళ్లీ మళ్లీ అడిగేది ఇదే. ఆగే సందర్భాలు ఉన్నాయి. అయితే ఉత్తర్వు చెల్లుతుందా లేదా అన్నది తర్వాతి మాట. పాత డిపోలో రిలీవ్ (విధుల నుంచి విడుదల) చేశారా, కొత్త చోట చేరారా అన్నది ముందు తేలాలి. నా లెక్కలో ఉద్యోగం నిలిచేదీ పోయేదీ ఇక్కడే.

గుజరాత్ విద్యుత్ బోర్డు కేసు (1989) చూడండి. సూరత్ నుంచి ఉకాయ్‌కి బదిలీ అయిన ఉద్యోగి అర్జీ పెట్టి, కొత్త చోట చేరకుండా ఉండిపోయాడు. బోర్డు తొలగించింది, సుప్రీంకోర్టు ఆ తొలగింపును సమర్థించింది. అర్జీ పెండింగులో ఉందన్న కారణం చాలదు, స్టే లేకపోతే చేరాల్సిందే అన్నది అక్కడ తేలిన సూత్రం. ఆర్టీసీలో అలా గైర్హాజరైతే 1963 నాటి ప్రవర్తనా నియమావళి 28 కింద చార్జిషీటు వస్తుంది. అక్కడినుంచి విచారణంతా గైర్హాజరు మీదే నడుస్తుంది, బదిలీలో జరిగిన అన్యాయం ఎవరికీ పట్టదు.

అందుకే నేను మొగ్గేది మొదటి దారికే: చేరండి, చేరుతూనే అభ్యంతరం రాయండి. జాయినింగ్ రిపోర్టులో ఒక్క వాక్యం చాలు: "నా అభ్యంతరాలకు, హక్కులకు భంగం లేకుండా ఈ రోజు డ్యూటీలో చేరుతున్నాను." తర్వాత ఉత్తర్వు ఇచ్చినవారి పైఅధికారికి అర్జీ పెట్టండి. ఉత్తర్వు డిపో మేనేజరుదైతే తెలంగాణలో రీజినల్ మేనేజరుకు, ఆంధ్రలో జిల్లా ప్రజా రవాణా అధికారికి వెళ్లాలి. ఉత్తర్వు నంబరు, తేదీ వేసి నాలుగు సంగతులు అడగాలి: గడువు ఎప్పటిదాకా, జీతం ఏ డిపో నుంచి, సీనియారిటీ ఎక్కడ, టీఏ డీఏ (ప్రయాణ, దినసరి భత్యాలు) ఇస్తారా. రెండో కాపీ మీద ఇన్‌వర్డ్ ముద్ర (అర్జీ అందినట్టు గుర్తు) వేయించుకోండి. "నా కోరిక మేరకు" అన్న మాట ఏ కాగితంలోనూ రాయకండి, ఎవరైనా రాసి తెచ్చినా సంతకం పెట్టకండి. పరిపాలనా అవసరంపై జరిగిన బదిలీ ఆ మాటతో స్వచ్ఛందమైపోతుంది, టీఏతో పాటు సీనియారిటీకీ ఎసరొస్తుంది.

ఇక రిట్, అంటే హైకోర్టులో వేసే పిటిషన్. బదిలీ మార్గదర్శకాలు పాటించలేదన్న వాదన ఒక్కటే నిలబడదని శిల్పీ బోస్ (1991), అబ్బాస్ (1993) కేసుల్లో సుప్రీంకోర్టు తేల్చింది. పైగా మూడు నెలల ఉత్తర్వుకు కౌంటరు (యాజమాన్యం జవాబు) దాఖలయ్యేసరికే గడువు ముగిసి, పిటిషన్ నిష్ఫలమని మూసేస్తారు. కాబట్టి మధ్యంతర స్టే వస్తేనే రిట్‌కు విలువ. దానికీ రిలీవ్ కాకముందే వెళ్లాలి, అయ్యాక వెళితే స్టే దొరకడం చాలా కష్టం.

గట్టిగా నిలిచే కారణాలు కొన్నే. అధికారం లేని అధికారి ఉత్తర్వు ఇవ్వడం ఒకటి. విచారణ లేకుండా శిక్షగా వేయడం ఇంకొకటి. ఆకాశరామన్న ఉత్తరం ఆధారంగా చేసిన బదిలీని సోమేశ్ తివారీ కేసులో (2009) కొట్టేశారు. సమ్మతి లేకుండా వేరే యజమాని కిందికి పంపడం మూడోది. గడువు పెట్టి, దాన్ని పొడిగిస్తూనే పోవడం కూడా మంచి కారణమే. ఇక్కడ పాత అర్జీ, దానిమీది ముద్ర మీకు సాక్ష్యం. కక్ష అని వాదిస్తే ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చి, తేదీలతో సంఘటనలు రాయాలి, ఊరికే "కక్షతో" అంటే కుదరదు. మేడారం జాతరకు సిబ్బందిని పంపడం లాంటి ఉత్తర్వుల మీద మాత్రం డబ్బు ఖర్చు పెట్టుకోకండి.

యూనియన్ దారి తెలంగాణలో, అదీ కార్పొరేషన్ ఉద్యోగులుగా ఉన్నంతవరకే. కక్షతో బదిలీ చేయడం అన్యాయ కార్మిక విధానమని పాత పారిశ్రామిక వివాదాల చట్టం ఐదో షెడ్యూల్లోనే ఉండేది, 2025 నవంబరులో దాని స్థానంలో అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్ రెండో షెడ్యూల్లోనూ ఉంది. కానీ కార్మిక శాఖ తరఫున రాజీ కుదిర్చే కన్సిలియేషన్ అధికారి స్టే ఇవ్వలేరు. ఒకేసారి ముప్పై నలభై మందిని కదిపితే ఇది పనికొస్తుంది, ఒక్కరి కోసమైతే చాలా నెమ్మది. 2020 జనవరి 1న ప్రభుత్వంలో విలీనమైన ఆంధ్ర ఆర్టీసీ వాళ్లకు అర్జీ, ఆపైన హైకోర్టే. ప్రభుత్వోద్యోగుల సర్వీసు కేసులు చూసిన అక్కడి పరిపాలనా ట్రైబ్యునల్ ఇప్పుడు లేదు.

సిక్ లీవు పెట్టి గడువు దాటించడమా? మెడికల్ బోర్డుకు పంపితే అదే గైర్హాజరు కేసవుతుంది.