అమ్మ మోకాలి ఆపరేషన్‌కి తిరుపతి నుంచి చెన్నై: ఏ దారి మేలు, ఎక్కడ ఉండాలి

జూన్ నుంచి సెప్టెంబరు లోపల నాలుగుసార్లు చెన్నై వెళ్లొచ్చాం. నాలుగుసార్లూ అమ్మ కోసమే. ఆమె కుడి మోకాలు అయిదేళ్ల కిందట అక్కడే మార్చారు, ఇప్పుడు ఎడమది. తిరుపతిలో బర్డ్ ఆసుపత్రి ఉంది, ఎముకల వైద్యానికి ఎక్కడెక్కడి వాళ్లో మన ఊరికి వస్తారు. అయినా "ఆ కాలు చేసినాయనే ఈ కాలూ చెయ్యాల" అని అమ్మ పట్టు పట్టింది. ఆ డాక్టరు గారు చూసేది వడపళని దగ్గర.

"ఎంత, నూట నలభై కిలోమీటర్లే కదా, మూడు గంటల్లో దిగిపోతారు" అని చెప్పని వాళ్లు లేరు. తిరువళ్లూరు దాకా ఆ మాట నిజమే. రేణిగుంట, వడమాలపేట, పుత్తూరు, నగరి, తిరుత్తణి... దాదాపు వంద కిలోమీటర్లు చెప్పిన టైముకే అయిపోతాయి. మిగిలిన నలభైలోనే ఉంది కథంతా. అందుకే చెన్నైకి వెళ్లేటప్పుడు ఎన్ని కిలోమీటర్లని చూస్తే లాభం లేదు. ఊరి చుట్టూ ఉన్న మూడు రింగుల్లో దేన్ని, ఎక్కడ పట్టుకుంటున్నామో అది చూసుకోవాలి. ఇది మాకు మొదటి రెండు ప్రయాణాల్లో తెలియలేదు, అమ్మ కష్టపడ్డాకే తెలిసింది.

చెన్నైకి తూర్పున సముద్రం. కాబట్టి రోడ్ల పటం చూస్తే సగం బండి చక్రంలా ఉంటుంది. కోల్‌కతా హైవే, మన తిరుపతి రోడ్డు, బెంగళూరు హైవే, తిరుచ్చి హైవే చక్రపు ఆకుల్లా ఊళ్లోకి వస్తాయి. వాటిని అడ్డంగా కోస్తూ మూడు వలయాలు. లోపలిది ఇన్నర్ రింగ్ రోడ్డు. బోర్డుల మీద జవహర్‌లాల్ నెహ్రూ సాలై అని ఉంటుంది గానీ ఆటోవాళ్లు నూరడి రోడ్ అనే అంటారు. మాధవరం, పాడి, కోయంబేడు, వడపళని, గిండీ దగ్గరి కత్తిపారా అన్నీ దీని మీదే. మధ్యది చెన్నై బైపాస్, పెరుంగళత్తూరు నుంచి పుళల్ దాకా 32 కిలోమీటర్లు. అన్నిటికన్నా బయటది ఔటర్ రింగ్ రోడ్డు, వండలూరు నుంచి మీంజూరు దాకా 62 కిలోమీటర్లు. మన వైపు నుంచి వెళ్లేవాళ్లకి ఇందులో ముఖ్యమైన చోటు నెమిలిచ్చేరి. తిరువళ్లూరు దాటాక మన రోడ్డు ఔటర్ రింగును కలిసేది అక్కడే. ఆ రింగు మొదటి భాగం 2014లో, రెండో భాగం 2021లో తెరిచారు. అమ్మ మొదటి ఆపరేషన్ నాటికి మాకు దాని పేరు కూడా తెలియదు.

జూన్‌లో మొదటిసారి బస్సులో వెళ్లాం. పుత్తూరు నుంచి నారాయణవనం, నాగలాపురం, ఊత్తుకోట, పెరియపాళెయం మీదుగా పోయే బస్సు అది. దారి మాత్రం కళ్లకు పండగ. సురుటుపల్లి రాగానే పడుకుని ఉన్న శివయ్యకు అమ్మ కిటికీలోంచే దండం పెట్టుకుంది. ఊత్తుకోట దగ్గర తెలుగుగంగ కాలువ ఉంటుంది, కండలేరు నుంచి మన కృష్ణా నీళ్లు పూండికి, అక్కడి నుంచి చెన్నై కుళాయిలకు పోయేది దీంట్లోనే. బస్సులో సీటు బాగుంది, డ్రైవరు చాలా నెమ్మదిగా నడిపాడు. ఇబ్బందంతా దిగాకే. 2002లో కోయంబేడు బస్టాండు వచ్చిన దగ్గర్నుంచి మన బస్సులు అక్కడికే పోయేవి, వడపళని పక్కనే. 2018 అక్టోబరు నుంచి ఆంధ్రా బస్సులకు మాధవరం బస్టాండు. అక్కడి నుంచి వడపళనికి మళ్లీ పదిహేను కిలోమీటర్ల దాకా నూరడి రోడ్డు మీదే పోవాలి. రెండో దశ మెట్రో పనులు జరుగుతున్నాయి, దారి పొడవునా రేకుల గోడలే. రెట్టేరి నుంచి పాడి దాకా ఆటోలో అమ్మ నోట మాట లేదు. గుంత వచ్చినప్పుడల్లా నా మణికట్టు పట్టుకునేది. ఆసుపత్రి చేరాక చూసుకుంటే ఆమె వేళ్ల అచ్చులు నా చేతి మీద ఉన్నాయి.

మోకాలి నొప్పి లేనివాళ్లకి, ఉత్తర చెన్నైలో పని ఉన్నవాళ్లకి ఈ బస్సు చాలా మంచిది. నడవలేని మనిషిని తీసుకుని వడపళని వైపు వెళ్లేవాళ్లకి మాత్రం నేను చెప్పను. ఒంటరిగా వెళ్లే మనిషికైతే ఇంకో మంచి దారి ఉంది, రైలు. మా తమ్ముడు రిపోర్టులు తేవడానికి సప్తగిరిలో వెళ్లి సెంట్రల్‌లో మెట్రో ఎక్కాడు. పచ్చ లైను, ఎక్కడా మారే పని లేకుండా నేరుగా వడపళనిలో దిగాడు. రోడ్డు మీద ఎంత జామ్ ఉన్నా వాడికి సంబంధం లేదు.

రెండోసారి సొంత కారు. మా ఆయన నడిపారు. రెండు పొరపాట్లు చేశాం. తేదీ చూసుకోకపోవడం ఒకటి. అది ఆడికృత్తిక, తిరుత్తణి సుబ్రహ్మణ్యస్వామి పండగ. తిరుత్తణి కొండకు పూల కావళ్లు మోసుకుని వేలమంది నడిచి పోతున్నారు. 1960 దాకా తిరుత్తణి మన చిత్తూరు జిల్లాలోదే, ఇప్పటికీ మన పల్లెల నుంచి కావళ్లు వెళతాయి. భక్తులు నడిచే రోడ్డు మీద హారన్ కొట్టబుద్ధి కాదు, నెమ్మదిగా పోవాల్సిందే. రెండోది, మ్యాప్ దగ్గరి దారి చూపించిందని నెమిలిచ్చేరిలో రింగు ఎక్కకుండా నేరుగా పట్టాభిరాం, ఆవడి, అంబత్తూరు మీదుగా పాడికి పోవడం. సరిగ్గా ఆఫీసు టైము. రోడ్డు సన్నం, పక్కన ఫ్యాక్టరీ బస్సులు, ప్రతి సిగ్నల్ దగ్గరా ఆగడం. ఆవడి నుంచి పాడికి చేరేసరికి గంటా ఇరవై నిమిషాలు. మోకాలు మడిచి అంతసేపు కూర్చుంటే ఏమవుతుందో నొప్పి ఉన్నవాళ్లకే తెలుసు. "ఇంకెంత దూరముంది బాబూ?" అని అల్లుడిని మూడుసార్లు అడిగింది. మూడోసారి ఆయన జవాబు చెప్పలేకపోయారు. ఆ రోజు స్కానింగ్ టైము దాటిపోయి మర్నాటికి వాయిదా పడింది.

అనుకోకుండా రాత్రి ఉండాల్సి రావడంతో కోవెల వీధి వైపు దొరికిన లాడ్జిలో దిగాం. రోజుకి పద్నాలుగు వందలు. గది శుభ్రంగానే ఉంది, కానీ లిఫ్టు దగ్గరికి పోవాలంటేనే ఎనిమిది మెట్లు ఎక్కాలి, మాకిచ్చిన గదిలో వెస్టర్న్ టాయిలెట్ లేదు. ఫోన్‌లో "లిఫ్టు ఉందా" అని అడిగితే ఉందన్నారు. మీరెవరైనా మోకాలి పేషెంటుతో వెళుతుంటే ఆ ప్రశ్న అలా అడగొద్దు. వీధి గడప నుంచి మంచం దాకా ఎన్ని మెట్లని అడగండి. బాత్రూం గడప ఎత్తు కూడా అడగండి. నేను ఆ రాత్రి అమ్మను రెండు చేతులా పట్టుకుని బాత్రూంకి తీసుకెళ్లాను, ఇద్దరం ఏడ్చాం.

ఆపరేషన్‌కి వెళ్లినప్పుడు ఏదీ అదృష్టానికి వదలలేదు. సాలిగ్రామంలో ఒక సర్వీస్ అపార్ట్‌మెంటు ముందే మాట్లాడుకున్నాం. గ్రౌండ్ ఫ్లోరు, వంటిల్లు ఉంది, రోజుకి రెండు వేల ఆరు వందలు. నెల్లూరు ఆవిడ నడుపుతున్నారు. ఆమే సర్జికల్ షాపు నుంచి కమోడ్ కుర్చీ అద్దెకు తెప్పించి పెట్టారు. విజయా వాహినీ స్టూడియోలు వెలసింది ఈ వడపళనిలోనే కదా, ఆ చుట్టుపక్కల తెలుగు మాట్లాడే వాళ్లకు ఇప్పటికీ కొదవ లేదు. అమ్మకు రసం అన్నం మెత్తగా చేసి పెట్టుకోగలిగాం. లాడ్జికి దీనికీ డబ్బులో పన్నెండు వందల తేడా, పేషెంటుకు దొరికే సుఖంతో చూస్తే అది లెక్కలోది కాదు.

ఆ ప్రయాణమే నేను అందరికీ చెప్పేది. తెల్లవారుజామున నాలుగున్నరకు తిరుపతిలో బయలుదేరాం. కపిలతీర్థం వైపు నుంచి శ్రీనివాస సేతు ఎక్కితే ఊరి రద్దీ కిందే ఉండిపోతుంది. నగరి దగ్గర తెల్లారింది. ముక్కులా పొడుచుకొచ్చిన ఆ కొండను పాతకాలం నావికులు సముద్రం మీద నుంచి గుర్తు పట్టేవాళ్లట, అందుకే దానికి నగరి ముక్కు అని పేరు. తిరువళ్లూరు బయట ఒక పెట్రోలు బంకులో ఆగాం. నెమిలిచ్చేరిలో ఔటర్ రింగు ఎక్కి దక్షిణంగా తిరిగాం.

ఆరు వరుసల రోడ్డు, రెండు పక్కలా సర్వీసు రోడ్లు. సిగ్నల్ లేదు, స్పీడ్ బ్రేకర్ లేదు. అమ్మ తలుపు పైనున్న పిడి పట్టుకునే కూర్చుంది, మొదటి అయిదు నిమిషాలు. తర్వాత ఆ చెయ్యి దానంతట అదే కిందికి దిగి ఒళ్లో పడింది. అద్దంలో చూసి మా ఆయన నాకు సైగ చేశారు. ఆమె నిద్రపోయింది.

పావుగంటలో నజరత్‌పేట. అక్కడ దిగి బెంగళూరు హైవే పట్టుకుని పూనమల్లి, మదురవాయల్ మీదుగా కోయంబేడు, అక్కడి నుంచి వడపళని. ఆవడి దారి కన్నా మా మీటరులో ఏడెనిమిది కిలోమీటర్లు ఎక్కువ చూపించింది, టోలు అదనం. కానీ ఎనిమిదింటికల్లా ఆసుపత్రి గుమ్మంలో ఉన్నాం. పూనమల్లి నుంచి లోపలికి రద్దీ ఉంటుంది, అది తప్పదు. ఏడున్నర లోపల మదురవాయల్ దాటగలిగితే చాలు.

ఔటర్ రింగులో లోపాలూ ఉన్నాయి, దాచడం ఎందుకు. మేము వెళ్లిన భాగంలో కూర్చుని టీ తాగే చోటు గానీ, ఆడవాళ్లు వెళ్లగలిగే టాయిలెట్ గానీ మాకు కనబడలేదు. ఆపరేషన్ అయిన మనిషికి ఇది చిన్న విషయం కాదు. ఎక్కే ముందే అన్నీ చూసుకోవాలి. ఇంకోటి, రాత్రిపూట లారీలు లైట్లు లేకుండా రోడ్డు పక్కన ఆపేసి ఉంటాయి. మా ఆయనకు ముప్పై ఏళ్ల డ్రైవింగు అనుభవం, అయినా చీకటి పడ్డాక ఆ రోడ్డు మీదికి నేను ఆయన్ని పోనివ్వను.

తిరుగు ప్రయాణానికి అంబులెన్సు మాట్లాడుకోమని కొందరన్నారు. డాక్టరు గారు అక్కర్లేదన్నారు. గంటకోసారి ఆపి అయిదు నిమిషాలు నిలబెట్టి నాలుగడుగులు వేయించండి, ముందు సీటు పూర్తిగా వెనక్కి జరపండి, మడమ కింద దిండు పెట్టండి, మోకాలి కింద పెట్టొద్దు అని చెప్పారు. మేము మోకాలి కిందే పెట్టాలనుకున్నాం. పదిన్నరకు, ఆఫీసు రద్దీ తగ్గాక బయలుదేరాం. మళ్లీ అదే రింగు, అదే బంకు. ఆ బంకులో వెస్టర్న్ టాయిలెట్ ఉంది, నీళ్లున్నాయి, శుభ్రం చేసే ఆవిడ వాకర్ చూసి పరుగెత్తుకొచ్చి తలుపు పట్టుకుంది. నాలుగున్నర గంటలు పట్టింది ఇంటికి. ఒక్క గంటలో పరుగులు పెట్టించే రోడ్డు మాకు అక్కర్లేదు, కుదుపు లేకుండా, ఆగాల్సిన చోట ఆగనిచ్చే రోడ్డు కావాలి. అది దొరికింది.

సెప్టెంబరులో చెకప్. ఈసారి తమిళుల పెరటాసి నెల, చెన్నై వైపు నుంచి పసుపు బట్టలు కట్టుకుని తిరుమలకు నడిచొచ్చే వాళ్లు మాకు ఎదురవుతూనే ఉన్నారు, గోవింద నామాలతో. వాళ్లు నడిచే వైపు వదిలి జాగ్రత్తగా పోవాలి, అరగంట ఎక్కువ వేసుకోవాలి. ఈ రోడ్డుకు గడియారంతో పాటు పంచాంగం కూడా చూడాలి. ఆడికృత్తికకు తిరుత్తణి, అమావాస్యకు తిరువళ్లూరు వీరరాఘవస్వామి, పెరటాసి శనివారాలకు దారంతా జనమే.

డాక్టరు గారు డిసెంబరులో మళ్లీ రమ్మన్నారు. ఏ రోజు వెళదామని మా ఆయన ఫోన్‌లో అడిగితే, అమ్మ మంచం దిగి, కర్ర లేకుండా గోడ మీది క్యాలెండరు దాకా నడిచి వెళ్లి, అమావాస్య ఎప్పుడో చూసి, ఆ రోజు కాకుండా ఇంకో తేదీ చెప్పింది.