యూరోపా యూనివర్సాలిస్ 4: ఖజానాకీ కత్తికీ మధ్య

ఒక రాజ్యాన్ని చేతిలోకి తీసుకుని శతాబ్దాల పాటు నడిపే ఈ కంప్యూటర్ వ్యూహాత్మక గేమ్ 2013లో వచ్చింది. ఐదో భాగం 2025లో వచ్చేసినా నేనింకా దీన్నే ఆడుతున్నాను, అదీ ఎక్కువగా విజయనగరంతోనే. ఆట 1444 నవంబర్ 11న మొదలవుతుంది. ఉత్తరాన బహమనీలు, ఈశాన్యాన ఒడిశా గజపతులు. మ్యాప్ చూడగానే ఎవరి మీదైనా పడిపోవాలనిపిస్తుంది. కానీ ఇందులో సగం యుద్ధం లెక్కల పేజీలోనే తేలిపోతుంది.

వెయ్యి మంది పదాతి రెజిమెంట్‌కు 10 డుకాట్లు (గేమ్‌లోని డబ్బు), గుర్రాలకు 25, ఫిరంగులకు 30. సైన్యాన్ని ఎత్తడం పెద్ద పనేం కాదు, నెలనెలా పోషించడమే కష్టం. శాంతికాలంలో సైన్యం పోషణ ఖర్చును నిర్ణయించే మెయింటెనెన్స్ స్లైడర్ కిందికి లాగితే ఖర్చు బాగా తగ్గుతుంది, దాంతోపాటు మొరాల్, అంటే సైనికుల పోరాట స్థైర్యం, కూడా పడిపోతుంది. మళ్లీ పైకి లాగినా వెంటనే కోలుకోదు, నెలలు పడుతుంది. ఆ సందులో ఎవడైనా యుద్ధం ప్రకటించాడంటే మన సైన్యం లెక్కల్లో ఉంటుంది కానీ పోరులో నిలబడదు. అందుకే దండయాత్ర అనుకున్నప్పుడు ముందు స్లైడర్ పెంచి, మొరాల్ బార్ నిండాకే యుద్ధం ప్రకటిస్తాను.

అప్పంటే చాలామందికి టెన్షన్. నా ఉద్దేశంలో బహమనీలతో మొదటి యుద్ధానికి అప్పు చేయడమే మేలు. ఐదేళ్ల గడువు ఉంటుంది. సంధిలో ప్రావిన్సులతో పాటు రొక్కం, యుద్ధ పరిహారం కూడా రాబడితే వడ్డీ బరువనిపించదు. అలాగని ప్రతి యుద్ధానికీ అప్పులు చేస్తూ పోతే ద్రవ్యోల్బణం పెరిగి అన్నిటి ధరలూ ఎక్కుతాయి.

చేతిలో వంద డుకాట్లుంటే ప్రావిన్సు ఉత్పత్తి ఆదాయం పెంచే వర్క్‌షాప్ కట్టాలా, పది రెజిమెంట్లు ఎత్తాలా? గేమ్ మొత్తంలో నాకు నచ్చేది ఈ మీమాంసే. ఫోర్స్ లిమిట్ (అదనపు భారం లేకుండా పోషించగల సైన్యం పరిమితి) నిండేదాకా రెజిమెంట్లు, ఆ తర్వాత మంచి ధర పలికే సరుకున్న ప్రావిన్సులో వర్క్‌షాప్ అన్నది నా లెక్క. దీనికి మోనార్క్ పాయింట్ల గొడవ తోడవుతుంది. ఇవి రాజు సామర్థ్యాన్ని బట్టి నెలనెలా వచ్చే పాయింట్లు. గేమ్‌లో కొత్త భావాల ఒరవడులు ఒకచోట పుట్టి మెల్లగా పాకుతాయి; 1450లో ఇటలీలో పుట్టే రినైసాన్స్ దక్షిణాదికి ఎప్పుడో గానీ చేరదు. అది చేరనంతకాలం మనకు టెక్నాలజీ ఖర్చు ఏటా పెరుగుతుంటుంది. ఒక ప్రావిన్సు మీదే పాయింట్లు కుమ్మరించి అభివృద్ధి చేస్తే దాన్ని ఇక్కడే పుట్టించొచ్చు, కానీ సైనిక టెక్ కొనాల్సింది కూడా ఆ పాయింట్లతోనే. సైనిక టెక్‌లో బహమనీలు ఒక మెట్టు ముందుంటే మాత్రం ఆ ఏడాది సరిహద్దు దాటకపోవడమే మంచిది.

వాణిజ్యం దగ్గర నాకు ఒళ్లు మండుతుంది. గేమ్‌లో వాణిజ్యం నోడ్‌లనే కూడళ్ల గుండా ఒకే దిశలో పారుతుంది. మన తూర్పు తీరపు కోరమండల్ నోడ్‌లో పోగైన విలువను అక్కడే వసూలు చేసుకోవచ్చు, లేదా పడమటికి పంపొచ్చు. అటునుంచి ఇటు లాక్కోవడం కుదరదు. ప్రవాహాలన్నీ చివరికి ఇంగ్లిష్ ఛానల్, జెనోవా, వెనిస్‌లకే చేరతాయి. నిజ చరిత్రలో 1611లో ఆంగ్లేయులు మచిలీపట్నంలో వర్తక స్థావరం పెట్టిన మాట నిజమే, కానీ ఇక్కడి బట్టల కోసం వాళ్లు వెండి మోసుకొచ్చారు కదా! ఆ సంగతి ఈ మ్యాప్‌కు పట్టదు.

అసలు లోపం ఇంకొకటి. 1600 దాటి దేశం పెద్దదయ్యాక డబ్బు కుప్పలుగా పడుతుంది. అప్పు, స్లైడర్, కోటల ఖర్చు, దేన్నీ పట్టించుకోనక్కర్లేదు. మ్యాన్‌పవర్ (సైన్యంలో చేర్చుకోగల జనం) అయిపోతే కిరాయి సైన్యాలు ఉండనే ఉన్నాయి. అక్కణ్నుంచి మన దూకుడుకు భయపడి పొరుగువాళ్లు కట్టే కూటములే అడ్డు తప్ప ఖజానా కాదు. 1821 దాకా ఆడే ఓపిక నాకెప్పుడూ ఉండదు.

డీఎల్‌సీలన్నీ (విడిగా అమ్మే అదనపు భాగాలు) కొంటే అసలు గేమ్ ధరకు ఎన్నో రెట్లవుతుంది. మన ప్రాంతంతో ఆడాలనుకుంటే 2018లో వచ్చిన ధర్మ ఒక్కటి తీసుకోండి, మిగతావాటికి సేల్ వచ్చేదాకా ఆగండి. లాప్‌టాప్ పాతదైతే శతాబ్దాలు గడిచేకొద్దీ అత్యధిక వేగమైన స్పీడ్ 5లో పెట్టినా నెలలు నత్తనడకన కదులుతాయి.